దెబ్బ ఎట్ల తాకింది?

మా లాల్‌దర్వాజాలో దెబ్బ అనే మాటకు పొద్దున లేచింది మొదలు పనే. ఎండలో తిరిగొస్తే ఎండదెబ్బ. వ్యాపారంలో మునిగితే దెబ్బ తిన్నాడంటారు. కష్టాలు వరస కడితే దెబ్బ మీద దెబ్బ. పైకి రక్తం కనబడకుండా లోపల కమిలిపోతే అది మూగదెబ్బ. మాట వినని పిల్లల్ని చూసి 'దెబ్బకు దెయ్యం వదుల్తది' అనే పెద్దమనుషులు ప్రతి అరుగు మీదా ఉంటారు. ఆ సామెత పుట్టించినవాడెవడో గాని, వాడి వీపు మీద ఒక్కటి కూడా పడి ఉండదని నా నమ్మకం. కొట్టడమూ దెబ్బే, కొట్టాక ఒంటి మీద మిగిలేదీ దెబ్బే. రెండింటికీ ఒకటే మాటతో సరిపెట్టుకుంటాం మేము.

ఈ మాటను మా అత్త కాశమ్మ పలికినన్నిసార్లు ఊళ్లో ఇంకెవరూ పలికి ఉండరు. ఆమె విరిగిన ఎముకలు కట్టేది.

మాది పాల వ్యాపారం చేసే ఇల్లు. ముందు రెండు గదులు, నడిమిట్ల వాకిలి, వెనక బర్రెల కొట్టం. మా మామ ఆగయ్య పహిల్వాన్. తాలీంలో కుస్తీ నేర్పేవాడు. పాతబస్తీలో చెయ్యో కాలో విరిగితే జనం ముందు వెతికేది పహిల్వాన్‌నే, ఆ తర్వాతే డాక్టర్ని. మొగవాళ్లకు ఆయన ముందర అరుగు మీద కట్లు కట్టేవాడు. ఆడవాళ్లు, అందులోనూ పరదాలో ఉండేవాళ్లు, పరాయి మొగాడి చేతికి చెయ్యి ఎలా ఇస్తారు? వాళ్ల కోసం కాశమ్మ ఆయన పక్కన నిలబడి పని నేర్చుకుంది. వెనక కొట్టంలో గోనె పరిచి, బర్రెలు తోకలు ఊపుతుండగా ఆడవాళ్లకు ఆమె కట్టేది. ఆగయ్య నా పెళ్లికి ముందే పోయాడు. మొగవాళ్లు వేరే పహిల్వాన్లను చూసుకున్నారు. ఆడవాళ్లు మాత్రం కాశమ్మను వదల్లేదు. కార్వాన్ నుంచి, కిషన్‌బాగ్ నుంచి కూడా రిక్షాలకు పరదాలు కట్టుకొని వచ్చేవారు. పైసలు ముట్టేది కాదు. ఎవరైనా బలవంతం చేస్తే, "బర్రెలకు ఇంత తౌడు తెచ్చెయ్యి పో" అనేది.

మనిషి పొట్టి. మణికట్లు మాత్రం మొగాడివి. నోట్లో ఎప్పుడూ వక్కముక్క. ఎడమ ముంజేయి కొంచెం వంకరగా ఉండేది. వయసులో ఉన్నప్పుడు పుల్లబర్రె పొడిచిందని ఇంట్లో అందరూ చెప్పారు. నేను కొత్తకోడలిగా వచ్చిన రోజుల్లో ఎర్రటి బర్రె కనిపిస్తే చాలు, గోడకు అతుక్కుని నడిచేదాన్ని. పాలవాళ్ల కోడలికి బర్రెలంటే భయమని గల్లీ అంతా నవ్వింది.

కాశమ్మ దగ్గర ఒక కాయిదా ఉండేది. దెబ్బ ఎలా తగిలిందో నిజం చెప్పాలి. చెప్పందే చెయ్యి పెట్టదు. "మా పహిల్వాన్ సాబ్ పెట్టిన కాయిదా. తప్పితే కట్టు నిల్వదు" అనేది. ముస్లిం ఆడవాళ్లయితే, "కైసా లగా బేటీ? సచ్ బోల్" అని అడిగేది. చెప్పింది వాకిలి దాటేది కాదు. మా గల్లీలో నోట్లో నువ్వుగింజ నానే మనిషి ఆమె ఒక్కతే అని చెప్పొచ్చు.

మొగవాళ్లకు ఈ ప్రశ్న కష్టం కాదు. సైకిల్ మీంచి పడ్డ, కుస్తీలో విరిగింది అని గొప్పగా చెప్పుకుంటారు. ఆడవాళ్లందరూ జారిపడతారు. బండ మీద, మెట్ల మీద, నీళ్లకాడ. ఇంతమంది ఆడవాళ్లను జారవిడిచే బండలు ఈ పట్నంలో ఎక్కడున్నాయా అని నాకు ఆశ్చర్యం వేసేది. కట్టుకు పూసే పిండి కలపడం, గుడ్డ చింపడం, కాశమ్మ ఎముక లాగేటప్పుడు మోచేయి దగ్గర గట్టిగా పట్టుకోవడం నా పని. అందుకని ఆ అబద్ధాలన్నీ నా చెవిలోనూ పడేవి, వాటి వెనక నిజాలూ పడేవి.

మా ముందు గదుల్లో ఒకదాంట్లో సోమశేఖర్ పంతులు అద్దెకు ఉండేవాడు. బడిలో తెలుగు చెప్పేవాడు. ఒక సాయంత్రం పాలచెంబు పట్టుకొని నిలబడ్డవాణ్ణి కాశమ్మ ఆపింది.

"పంతులూ, దెబ్బ అనే మాట ఏడికెల్లి వచ్చింది?"

"అది మన ఇంటి మాటే అమ్మా, ఎవరి దగ్గరా తెచ్చుకున్నది కాదు. గాయం అంటామే, అది సంస్కృతం నుంచి వచ్చింది. ఘాతం అన్న మాట అరిగి అరిగి గాయం అయింది. హిందీలో ఘావ్ అంటారు కదా, అదీ దీని చుట్టమే."

"ఘాతం అంటే?"

"కొట్టడం."

"మరి మా సాయిబుల ఆడోళ్లు జఖం అంటరు?"

"అది పారసీ నుంచి ఉర్దూలోకి వచ్చింది."

కాశమ్మ వక్కముక్క ఈ బుగ్గ నుంచి ఆ బుగ్గకు మార్చింది. "అయితే గాయం అన్నంక కొట్టినోడు ఒకడు ఉన్నట్టే గదా."

"మాట పుట్టినప్పుడు ఉన్నాడు. ఇప్పుడు జారిపడ్డా గాయమనే అంటున్నాం" అని పంతులు నవ్వాడు.

ఆమెకు ఆ ముచ్చట మస్తు నచ్చింది. ఆ రోజు పంతులు చెంబులో పాలు నిండుగా పోసింది.

దీపావళి దగ్గరికొచ్చిన రోజులు. దీపావళి దాటగానే సదర్. పాలవాళ్లు దున్నపోతుల్ని నూనెతో తళతళలాడించి, పూసలు కట్టి, డప్పులతో ఊరేగించే పండుగ. నా పెనిమిటి అంజన్ ఆ ఏడు ఒక పోతును పెంచుతున్నాడు. దానికి పెట్టిన తిండి మా ఇంట్లో మనుషులకు ఎన్నడూ పెట్టలేదు. కండ పట్టాలని బెల్లం, నూనె, పచ్చి గుడ్లు. గుడ్ల గంప కొట్టంలో ఉట్టికి వేలాడేది. అంజన్ చెడ్డవాడని నేను అనను. కష్టజీవి, కల్లు ముట్టడు. కోపం మాత్రం ముక్కు మీదే ఉండేది. చెంపదెబ్బలు అంతకుముందు ఒకటీ అరా ఉన్నాయి. వాటిని మా గల్లీలో దెబ్బల్లో లెక్కెయ్యరు. నేనూ లెక్కెయ్యలేదు.

ఒక మధ్యాహ్నం లీలమ్మ వచ్చింది. చర్చికి పోయే దారిలో ఉంటుంది, ఆమె పెనిమిటికి సర్కారు కొలువు. ఎడమ చేతిని కొంగులో చుట్టుకొని, "బండ మీద జారిన కాశమ్మా" అంది.

కాశమ్మ వేలితో ముంజేయి మీదుగా తడుముతూ పోయి నడిమిట్ల ఆగింది. లీలమ్మ కెవ్వుమంది.

"పడ్డోళ్లు అరచెయ్యి ఆనిస్తరు. మణికట్టు కాడ ఇరుగుతది. నీకు నడిమిట్ల ఇరిగింది. మొకానికి చెయ్యి అడ్డం పెట్టుకుంటెనే ఇట్ల ఇరుగుతది. ఎట్ల తాకింది బిడ్డా?"

లీలమ్మ బర్రెల దిక్కు చూసింది. తర్వాత కాశమ్మ చెవిలో చెప్పింది. పక్కనే ఉన్నాను కాబట్టి నాకూ వినబడింది. ఏం చెప్పిందో నేను రాయను, మీకు తెలియనిది కాదు.

కట్టుకు మినప్పిండి, పసుపు, గుడ్డులో తెల్లసొన కలిపి పూయాలి. ఆ పిండి ఎండి బిగిస్తేనే ఎముక కదలదు. పైన వెదురు దబ్బలు పెట్టి గుడ్డ చుట్టాలి. ఆ రోజు ఇంట్లో గుడ్లు అయిపోయాయి. "ఏడికెల్లన్న తే రాజమణీ, జల్ది" అని కాశమ్మ కేక వేసింది. నేను ఉట్టి మీది గంపలోంచి తీశాను. ఏ గుడ్లని ఆమె అడగలేదు, నేనూ చెప్పలేదు. కట్టు బిగిసింది. "రేపొచ్చి వేళ్లు చూపియ్యి, వాచినయంటె కట్టు వదులు చెయ్యాలె" అని పంపింది.

మర్నాడు పొద్దున పాలు పిండి లేచేసరికి అంజన్ గంప దించి చూస్తున్నాడు.

"గుడ్లేవి?"

"లీలమ్మ కట్టుకు తీసిన. ఇయ్యాల తెప్పిస్త."

"నా పోతు నోటికాడిది తీసి ఎవర్తికో పూస్తవా? ఎవన్నడిగి తీసినవే?"

"నీ పోతు ఒక్కపూట గుడ్లు తినకపోతే సస్తదా?" అన్నాను. అనకుండా ఉండాల్సిందని ఇప్పటికీ అనుకోను. బర్రెల్ని తోలే దుడ్డుకర్ర ఆయన చేతిలోనే ఉంది. అది పైకి లేవగానే నా ఎడమ చెయ్యి దానంతటదే మొహానికి అడ్డం పోయింది. ఎముక చప్పుడు నాకు తెలుసు. రోజూ వింటున్నదే గదా.

ఆయన బకెట్ తీసుకొని బయటికి నడిచాడు. నేను చెయ్యి పట్టుకొని గడ్డిమోపు మీద కూర్చున్నాను. నొప్పి సంగతి సరే, భయం పట్టుకుంది. చెయ్యి సరిగ్గా అతకకపోతే పాలు పిండలేను. పాలు పిండలేని కోడలు పాలవాళ్ల ఇంట్లో దేనికి? కాశమ్మే కట్టాలి. ఆమె కట్టాలంటే నిజం చెప్పాలి. ఆమె కడుపున పుట్టినవాడి మీద నిజం!

ఇంతకాలం జారిపడ్డ ఆడవాళ్లను చూసి నవ్వుకున్న దాన్ని, లేచి కాశమ్మ గోనె దగ్గరికి పోయేలోగా నేనూ ఒక అబద్ధం తయారు చేసుకున్నాను. పెండ మీద జారిన అని చెప్పాలి. అంతే.

వేళ్లు చూపించుకోవడానికి వచ్చిన లీలమ్మ అప్పటికే గోనె మీద కూర్చొని ఉంది. నన్ను చూసి పక్కకు జరిగింది. అత్త కొట్టినందుకు కాదు తోటికోడలు నవ్వినందుకు ఏడ్చిందట ఒకామె. లీలమ్మ నవ్వలేదు. నవ్వినా ఇంకా నయం అనిపించింది.

కాశమ్మ నా చెయ్యి తన ఒళ్లోకి తీసుకుంది. వేలితో తడిమింది. నడిమిట్ల ఆగింది. నేను అబద్ధం నాలుక చివర పెట్టుకొని కూర్చున్నాను.

ఆమె అడగలేదు.

నా మొహం చూడలేదు. పక్కనున్న పాత ధోవతి తీసి గుడ్డ చింపడం మొదలుపెట్టింది. దబ్బలు దగ్గరికి లాక్కుంది. లీలమ్మ నన్నూ ఆమెనూ మార్చి మార్చి చూస్తోంది. అప్పుడు అర్థమైంది నాకు. కాశమ్మకు తెలుసు. తెలిసే అడగడం లేదు.

అప్పుడొచ్చింది కోపం. అంజన్ కర్ర ఎత్తినప్పుడు కూడా అంత రాలేదు.

"అత్తమ్మా, అడుగుతలేవేంది?"

"ఊకో. వాపు పెరుగుతది. చెయ్యి ఇటియ్యి."

"అందర్ని అడుగుతవు గదా. నన్నెందుకు అడగవు? కాయిదా నాకు లేదా?"

"రాజమణీ, లొల్లి చెయ్యకు. చెయ్యియ్యి."

"ఇయ్య. అడుగు."

కాశమ్మ గుడ్డ ముక్కలు ఒళ్లో పెట్టుకుంది. ఆమె గొంతు తగ్గింది. "అడిగితే నువ్వు చెప్తవు. ఇన్నంక నేను ఊకుండరాదు బిడ్డా. ఆళ్ల ఇండ్లు ఆళ్లయి. ఇది మనిల్లు."

"అయితే నాకు నీ కట్టు వద్దు. ఇరిగిన చెయ్యితోనే బతుకుత" అని లేచాను. లేచానంటే సగం లేచాను. కళ్లు బైర్లు కమ్మి మళ్లీ కూలబడ్డాను. ఏడుపు ఆగలేదు. చెయ్యి మాత్రం కడుపుకు అదుముకొని ఉన్నాను, ఆమెకు అందకుండా.

బర్రెలు నెమరేస్తున్నాయి. కాశమ్మ నోట్లో వక్కముక్క ఉమ్మేసింది. అది అయ్యేదాకా ఎన్నడూ ఉమ్మే మనిషి కాదు.

"ఎట్ల తాకింది బిడ్డా?"

చెవిలో చెప్పే పద్ధతి. నేను చెవిలో చెప్పలేదు. "తాకలే అత్తమ్మా. కొట్టిండు. నీ కొడుకు కొట్టిండు."

లీలమ్మ తల వంచుకుంది. కాశమ్మ "అంజన్!" అని అరిచింది. బర్రెలు తలలెత్తాయి.

అంజన్ తడిచేతులు తుడుచుకుంటూ వచ్చాడు. "ఏందమ్మా?"

"రోజు పట్టేదానికే ఇరిగింది. ఇయ్యాల నువ్వు పట్టు. మోచేయి కాడ."

ఆయన వంగి నా మోచేయి పట్టుకున్నాడు. కింద చెయ్యి ఉబ్బి, నల్లబడి ఉంది. దాని మీంచి చూపు తప్పించాడు. కాశమ్మ నా మణికట్టు పట్టుకుంది గాని లాగలేదు.

"ఎట్ల తాకింది?" అని కొడుకును అడిగింది.

"నాకేమెరుక? జారిపడ్డదేమో."

"అబద్ధం మీద నేను చెయ్యి పెట్ట."

"అమ్మా, బయటోళ్లున్నరు."

"నిన్న లీలమ్మ చెప్పినప్పుడు నీ పెండ్లాం ఆమెకు బయటిదే. ఆడిది చెప్పంగ లేని ఇజ్జత్ నీకేంది? చెప్పు. చెప్పకపోతే ఈ చెయ్యి గిట్లనే వంకర పోతది. దినాం నీ కండ్ల ముంగట తిరుగుతది."

ఆయన నా చెయ్యి వదలనూ లేడు, పట్టుకోనూ లేడు. వేళ్లు వణకడం నాకు తెలుస్తోంది. ఆ వణుకుకు ఎముక కదిలి ప్రాణం పోతోంది నాకు. ఆ సంగతి ఆయనకూ తెలిసింది.

"నేనే కొట్టిన."

"ఎందుకు?"

"గుడ్లకు."

"మంచిగ చెప్పు."

"పోతుకు తెచ్చిన గుడ్లు తీసిందని కట్టెతోని కొట్టిన."

లీలమ్మ తన కట్టు దిక్కు చూసుకుంది. ఆ గుడ్లు తన చేతికే పూసి ఉన్నాయని ఆమెకు అప్పుడే తెలిసింది. కొంగు నోట్లో కుక్కుకుంది.

"గట్టిగ పట్టు" అని కాశమ్మ లాగింది. నా అరుపుకు సోమశేఖర్ పంతులు తన గదిలోంచి చెంబుతో సహా పరిగెత్తుకొచ్చాడు. ఎముక కూర్చుంది. కట్టుకు కావలసిన గుడ్లు పోతు గంపలోంచే వచ్చాయి. అంజనే తెచ్చి పగలగొట్టాడు.

ఆ ఏడు మా పోతు సదర్‌కు పోలేదు. కాశమ్మ పోనివ్వలేదు. తాలీంలో దోస్తులు ఎందుకని అడిగితే అంజన్ ఏదో అబద్ధం చెప్పుకున్నాడు, ఆ అబద్ధానికి నేను అడ్డుపడలేదు. ఆ తర్వాత ఆయన చెయ్యి ఎత్తనే లేదంటే నమ్మకండి. ఒకసారి ఎత్తాడు. వాకిట్లోంచి కాశమ్మ, "అంజన్, కట్టు కట్టేటప్పుడు గల్లీ అందర్ని పిలుస్త" అంది. ఎత్తిన చెయ్యి దించాడు. ఇప్పుడు కాశమ్మ లేదు. బోనాలకు ముందు, నాలుగు రోజుల జ్వరంలో పోయింది. గోనె మీద నేను కూర్చుంటున్నాను. నా చెయ్యి చక్కగా అతికింది, ఏ బర్రెనైనా పిండగలను.

ఇదంతా తర్వాతి మాట. ఆ రోజు మధ్యాహ్నం నాకు అన్నం కలుపుకొని కాశమ్మ గోనె దగ్గరికే వచ్చింది. పక్కన కూర్చొని ముద్దలు చేసి పెడుతోంది. పళ్లెం పట్టుకున్న ఆమె ఎడమ చెయ్యి నా కళ్లముందే ఉంది. అన్నాళ్లూ అందరి చేతులూ పట్టుకున్నాను గాని, ఆ చెయ్యిని పరీక్షగా చూడలేదు. వంకర ముంజేయికి నడిమిట్ల ఉంది. సరిగ్గా నాకు విరిగిన చోట.

"అత్తమ్మా, నీకు ఎట్ల తాకింది?"

తలుపులోంచి మా గది గోడ మీద ఆగయ్య పహిల్వాన్ ఫోటో కనిపిస్తుంది, గద భుజాన పెట్టుకొని, పూలదండతో. ఆమె అటు చూసింది.

"ఏ బర్రె పొడవలే" అంది. "మీ మామ కొట్టిండు. గీ కొట్టంలనే. కొట్టిన చేత్తోనే కట్టు కట్టిండు. ఎట్ల తాకిందని అడగలే. ఆయనకు ఎరికే గదా, ఎందుకడుగుతడు?"

"మరి కాయిదా ఆయనదంటివి?"

"ఆయన పేరు చెప్తే ఇంటరని చెప్పిన. కాయిదా నాది. నన్ను ఎవ్వరు అడగలేదని నేను అందర్ని అడుగుతున్న. ఇయ్యాల పొద్దుగాల నిన్ను అడగకుండ కట్టబోయిన. ఆయన లెక్కనే."

ఆమె కళ్లలో నీళ్లు నేను చూడడం అదే మొదలు. తుడుచుకోవడానికి రెండు చేతులూ ఖాళీ లేవు. నా మంచి చేత్తో నేను తుడిచాను.

"నన్ను అడిగినదానివి నువ్వొక్కదానివే" అంది. తర్వాత ముద్ద నా నోటి దగ్గర పెట్టి, "తిను, సల్లారుతది" అంది.